ముఖం లేని సైకిలిస్టు: బార్దెం చిత్రజీవితం

ఈ మధ్య మా కాలేజీ విద్యార్థులు కొందరితో కలిసి ఒక పాత స్పానిష్ చిత్రం చూశాను. పేరు 'ఒక సైకిలిస్టు మరణం'. 1955లో వచ్చింది. సినేరియో, దర్శకత్వం రెండూ హువాన్ అంతోనియో బార్దెంవి. చిత్రం ముగిసి దీపాలు వెలిగాక బి.ఏ. రెండో సంవత్సరం కుర్రవాడొకడు లేచి అడిగాడు: "మాస్టారూ, ఈయన కమ్యూనిస్టు అని చెప్పారు. మరి కార్మికుడేడీ? వున్నది ఒక్కడు. వాడూ మొదట్లోనే చచ్చిపోయాడు. వాడి మొహమైనా మనం సరిగా చూడలేదు. మిగతా కథంతా కార్లలో తిరిగేవాళ్ల గొడవే గదా!"

అందరూ నవ్వారు. నేను సెన్సారు గురించి నాలుగు మాటలు చెప్పి ఊరుకున్నాను. ఆ జవాబు వాడికి నచ్చలేదు. నిజం చెప్పొద్దూ, నాకూ నచ్చలేదు. సెన్సారు కత్తెర అనేది చాలా తేలికైన సమాధానం. కత్తెర వున్న చోట కూడా ఒకడు నిజం చెబుతాడు, ఒకడు అబద్ధం చెబుతాడు, ఒకడు నోరు మూసుకుంటాడు. తేడా ఎక్కడ వస్తున్నది? ఆ కుర్రవాడి ప్రశ్నకు సమాధానం ఒక్క చిత్రంలో దొరకదు. బార్దెం మొత్తం జీవితంలో వెతకాలి. ఆ ప్రయత్నమే ఈ వ్యాసం.

స్పెయిన్ అనగానే మనకు జ్ఞాపకం వచ్చేది 1936–39 అంతర్యుద్ధం. రిపబ్లిక్కు రక్షణకు దేశదేశాల నుంచి తరలివెళ్లిన అంతర్జాతీయ దళాలు, గెర్నికా మీద కురిసిన బాంబులు, లోర్కా హత్య, 1938లో బార్సిలోనా వెళ్లివచ్చిన నెహ్రూ. మన ఉపన్యాసాలలో స్పెయిన్ అక్కడితో ఆగిపోతుంది. 1939లో మాడ్రిడ్ పడిపోయింది. తర్వాత? తర్వాత ముప్పయ్యారేళ్లు, 1975 నవంబరు 20న ఫ్రాంకో ఆసుపత్రి మంచం మీద కన్నుమూసేదాకా, ఆ దేశంలో మనుషులు పుట్టారు, చదువుకున్నారు, ఉద్యోగాలు చేశారు, కథలు రాసుకున్నారు. దేశం విడిచిపోయిన కవులను, కళాకారులను మనం గౌరవించాం. కాల్పులకు బలైనవారిని కీర్తించాం. కాని పోలీసు కళ్ల ముందు, సెన్సారు అధికారి బల్ల ముందు నిలబడి, ప్రతి ఏడూ కాస్త కాస్త నిజం బయటికి తెచ్చినవాళ్లను గురించి మనం ఆలోచించింది తక్కువ. బార్దెం అటువంటివాడు.

సినిమా విలువ ఏమిటో ఫ్రాంకోకు బాగా తెలుసు. ఎంత బాగా తెలుసంటే, హైమె దె అంద్రాదె అనే మారుపేరు పెట్టుకుని తనే ఒక సినేరియోకు కథ రాశాడు. 'రాసా' అనే ఆ చిత్రాన్ని 1942లో సాయెన్స్ దె హెరెదియా దర్శకత్వంలో తీశారు. 'రాసా' అంటే జాతి. ఒక కుటుంబం కథగా అంతర్యుద్ధాన్ని తిరగరాసి, గెలిచినవాళ్లను జాతి వీరులుగా నిలబెట్టిన చిత్రం అది. నియంతలు కవులను పోషించటం చరిత్రలో చాలాసార్లు జరిగింది. నియంత తనే సినిమా రచయిత కావటం అరుదు.

దాని వెనక ఒక యంత్రాంగం కూడా పనిచేసింది. చిత్రం మొదలుపెట్టకముందే సినేరియోను సెన్సారుకు చూపించాలి. తీశాక చిత్రాన్ని మళ్లీ చూపించాలి. 1941 నుంచి విదేశీ చిత్రాలన్నిటికీ స్పానిష్ డబ్బింగు నిర్బంధం చేశారు. డబ్బింగులో మాట మారిస్తే కథ మారుతుంది. 'మొగాంబో' అనే హాలీవుడ్ చిత్రంలో వివాహిత స్త్రీ పరపురుషుణ్ణి ప్రేమిస్తుంది. ఆ పాపం స్పానిష్ ప్రేక్షకుల చెవిన పడగూడదని సెన్సారువారు భార్యాభర్తలను అన్నాచెల్లెళ్లుగా మార్చేశారు. తెర మీద వాళ్ల ప్రవర్తన మాత్రం మారలేదు. వ్యభిచారాన్ని దాచబోయి అంతకంటె ఘోరమైనదాన్ని చూపించారన్నమాట. 1943 నుంచి ప్రతి సినిమా హాలులోనూ ప్రభుత్వ వార్తాచిత్రం తప్పనిసరిగా వెయ్యవలసిందే. ఇక డబ్బు సంగతి. స్పానిష్ చిత్రం తీసి, అది మంచిదని ప్రభుత్వం ముద్ర వేస్తే, విదేశీ చిత్రాలు దిగుమతి చేసుకునే లైసెన్సు వస్తుంది. లాభమంతా ఆ లైసెన్సులో వుంది. కనుక నిర్మాతకు ప్రేక్షకుడు మెచ్చవలసిన పనిలేదు, అధికారి మెచ్చితే చాలు. అన్నిటికంటె విచిత్రమేమంటే, 1963 దాకా ఆ సెన్సారుకు ప్రచురించిన నియమావళి అంటూ లేదు. ఏది నేరమో చెప్పకుండా శిక్ష వేసే న్యాయస్థానం వంటిది అది. రచయిత ఏది రాయవచ్చునో ఊహించుకోవాలి. భయపడేవాడు అవసరమైనదానికంటె ఎక్కువే ఊహించుకుంటాడు.

బార్దెం 1922 జూన్ 2న మాడ్రిడ్‌లో పుట్టాడు. తండ్రి రఫాయెల్ బార్దెం, తల్లి మతిల్దె మునోస్ సంపెద్రో, ఇద్దరూ నటులే. నాటక కంపెనీలతో ఊరూరా తిరిగే సంసారం. అంతర్యుద్ధం మొదలైనప్పుడు అతని వయస్సు పద్నాలుగు. బతకటానికి పనికివచ్చే చదువని వ్యవసాయ ఇంజనీరింగులో చేరాడు. 1943లో, మన అభ్యుదయ రచయితల సంఘం తెనాలిలో తొలి మహాసభ జరుపుకున్న ఏడే, నిషేధంలో వున్న స్పానిష్ కమ్యూనిస్టు పార్టీలో చేరాడు. ఓడిపోయిన పార్టీ అది. సభ్యులు జైళ్లలోనో, ప్రవాసంలోనో, గోతుల్లోనో వున్నారు. ఇరవయ్యొక్కేళ్ల కుర్రవాడు అటువంటి సమయంలో అందులో చేరటానికి పదవీ వ్యామోహం కారణం కాజాలదు.

1947లో మాడ్రిడ్‌లో ప్రభుత్వం ఒక చలనచిత్ర శిక్షణ సంస్థ పెట్టింది. బార్దెం అందులో మొదటి జట్టు విద్యార్థి. అక్కడే లూయిస్ గార్సియా బెర్లాంగా పరిచయమయ్యాడు. 1951లో మాడ్రిడ్‌లోని ఇటాలియన్ సాంస్కృతిక సంస్థ ఇటలీ చిత్రాల వారం జరిపింది. అక్కడ వాళ్లు నవ్యవాస్తవికతను కళ్లారా చూశారు. స్టూడియో గోడలు విడిచి వీథిలోకి వచ్చిన కెమెరా, జీతం లేని మనిషి, అద్దె కట్టలేని కుటుంబం. మరుసటి ఏడు, 1952లో, మన దేశంలో జరిగిన మొదటి అంతర్జాతీయ చలనచిత్రోత్సవం బొంబాయి నుంచి మద్రాసుకు కూడా వచ్చి, ఆ ఇటలీ చిత్రాలనే మనవాళ్లకు చూపించింది. రెండు దేశాలలోనూ యువకులు ఒకే తలుపులోంచి వెలుగు చూశారు. మన దగ్గర తలుపు వెనక పోలీసు లేడు, అదే తేడా.

బార్దెం, బెర్లాంగా కలిసి 1951లో 'ఆ సుఖీ దంపతులు' అనే చిత్రం తీశారు. తర్వాత వచ్చింది 'స్వాగతం, మిస్టర్ మార్షల్' (1953). దర్శకుడు బెర్లాంగా. సినేరియో రాసినవారు బార్దెం, బెర్లాంగా, హాస్య నాటక రచయిత మిగెల్ మియురా. ఒక గాయనిని పరిచయం చెయ్యటానికి పాటల చిత్రం కావాలని నిర్మాతలు అడిగారు. అడిగింది ఇచ్చి, లోపల వేరే కథ పెట్టారు ఈ యువకులు. మార్షల్ ప్రణాళిక కింద అమెరికా యూరపు దేశాలకు డాలర్లు పంచిపెట్టింది గాని, ఫ్రాంకో స్పెయిన్‌కు అందులో వాటా ఇవ్వలేదు. చిత్రంలో ఒక పేద కస్తీలియా గ్రామానికి అమెరికన్లు వస్తున్నారని కబురు వస్తుంది. అమెరికన్లకు స్పెయిన్ అంటే ఆందలూసియా పాటలూ టోపీలే గనుక ఊరంతా ఆ వేషం వేసుకుంటుంది. గోడలకు అట్టముక్కల అలంకారం తగిలిస్తారు. ప్రతివాడూ వరసలో నిలబడి తనకు కావలసిన వస్తువు ఒక్కటి రాయించుకుంటాడు. ఒక రైతుకు కలలో ఆకాశం నుంచి ట్రాక్టరు దిగుతుంది. తెల్లవారి అమెరికన్ల కార్లు వస్తాయి, ఆగకుండా దుమ్ము లేపుకుంటూ పోతాయి. అలంకారానికి చేసిన అప్పు మిగులుతుంది. ఊళ్లోవాళ్లు తలా ఇంత తెచ్చి ఆ అప్పు తీరుస్తారు.

నవ్వించే చిత్రమే. కాని 1953 ఏప్రిల్‌లో ఆ చిత్రం విడుదలైంది, సెప్టెంబరులో ఫ్రాంకో అమెరికాతో ఒప్పందం చేసుకుని సైనిక స్థావరాలకు భూమి ఇచ్చాడు. కార్లు ఈసారి ఆగాయి, రైతు దగ్గర కాదు. కాన్ ఉత్సవంలో ఆ చిత్రానికి బహుమతి వచ్చింది. న్యాయనిర్ణేతల్లో ఒకడైన హాలీవుడ్ నటుడు ఎడ్వర్డ్ జి. రాబిన్సన్‌కు మాత్రం, చివర మురికినీళ్లలో కొట్టుకుపోయే చిన్న అమెరికన్ జెండా చూసి కోపం వచ్చిందట. సెన్సారువారి కళ్లు ఆదమరచిన చోట అమెరికావాడి కళ్లు పడ్డాయి.

1954లో తన తల్లిదండ్రుల వృత్తి మీద 'నటులు' అనే చిత్రం బార్దెం ఒంటరిగా రాసి తీశాడు. ఆ మరుసటి ఏడు 'ఒక సైకిలిస్టు మరణం'. ఇక్కడ మా కుర్రవాడి ప్రశ్న దగ్గరికి వస్తున్నాం.

కథ సంగ్రహంగా చెబుతాను. మాడ్రిడ్ బయట నిర్మానుష్యమైన రోడ్డు. హువాన్, మరియా హొసె అనే ప్రేమికులు కారులో వస్తున్నారు. ఆమె ఒక ధనికుడి భార్య. కారు నడుపుతున్నదీ ఆమే. కారు ఒక సైకిలిస్టును కొడుతుంది. అతను ఇంకా ప్రాణాలతో వున్నాడు. ఆసుపత్రికి తీసుకుపోతే తమ రహస్యం బయటపడుతుంది. వదిలేసి వెళ్లిపోతారు. అతను చనిపోతాడు. అంతే ప్రమాదం. మిగిలిన చిత్రమంతా ఆ చావు వీళ్ల జీవితాల్లోకి ఎలా వచ్చి కూర్చున్నదో చూపించటమే. విందులు, పెళ్లిళ్లు, గుర్రప్పందేలు, అమెరికన్ అతిథులకు ఏర్పాటు చేసిన నాట్యం, అన్నిటిలోనూ ఒక చవకబారు కళావిమర్శకుడు 'నాకు తెలుసు' అన్నట్టు చూస్తుంటాడు. అతనికేం తెలుసో వీళ్లకు తెలియదు. ఒక దృశ్యంలో మొదలైన చేష్ట మరొక చోట, మరొకరి ముఖం మీద పూర్తయ్యేటట్టు బార్దెం కూర్పు చేశాడు. ధనికుల డ్రాయింగు రూము నుంచి నేరుగా పేదల ఇరుకు లోగిలికి దృశ్యం మారుతుంది. మధ్యలో వ్యాఖ్య లేదు. ఆ రెంటినీ పక్కపక్కన పెట్టటమే వ్యాఖ్య.

హువాన్ నా వృత్తివాడు. విశ్వవిద్యాలయంలో రేఖాగణితం చెప్పే సహాయక అధ్యాపకుడు. ఆ ఉద్యోగం బావగారి పలుకుబడితో వచ్చింది. ఒకనాడు తరగతిలో ఒక విద్యార్థిని బోర్డు మీద లెక్క చేస్తుంటుంది. హువాన్ పత్రికలో సైకిలిస్టు మరణవార్త చదువుతాడు. ఆ కంగారులో, కోపంలో ఆ అమ్మాయిని నోటికొచ్చినట్టు గద్దించి కూర్చోబెడతాడు. ఆమె పరీక్ష పోతుంది. విద్యార్థులు ఊరుకోరు. ఒకరికి జరిగిన అన్యాయానికి అందరూ గుమిగూడి నినాదాలు చేస్తారు, కిటికీల అద్దాలు పగులుతాయి. హువాన్‌కు జీవితంలో మొదటిసారి స్వార్థం లేని మనుషులు కనిపిస్తారు. రాజీనామా ఇచ్చి, నేరం ఒప్పుకుందామని మరియా హొసెతో అంటాడు. యుద్ధంలో అతను కందకంలో గడిపిన చోటూ, ప్రమాదం జరిగిన చోటూ ఒకటే. అక్కడే ఆమె అతన్ని కారుతో తొక్కించి చంపుతుంది.

ఇక ముగింపు. వ్యభిచారిణికి శిక్ష పడకుండా చిత్రం ముగియగూడదన్నది సెన్సారు పట్టు. బార్దెం సరేనన్నాడు. చీకట్లో వేగంగా ఇంటికి పోతున్న మరియా హొసె కారుకు మరొక సైకిలిస్టు ఎదురవుతాడు. అతన్ని తప్పించబోయి ఆమె వంతెన మీద నుంచి పడి చనిపోతుంది. సెన్సారుకు కావలసింది దొరికింది. కాని బార్దెం చిత్రాన్ని అక్కడ ఆపలేదు. ఆ రెండో సైకిలిస్టు దిగి, తలకిందులైన కారులో వేలాడుతున్న ఆమెను చూస్తాడు. ఒక్క క్షణం తటపటాయిస్తాడు. తరువాత సైకిలెక్కి, దూరంగా దీపం వెలుగుతున్న ఇంటివైపు వేగంగా తొక్కుకుంటూ పోతాడు, సహాయం కోసం. మొదట్లో కారులోవాళ్లు చెయ్యనిది చివర్లో సైకిలువాడు చేస్తాడు. ఒక్క మాట లేదు. ఆజ్ఞాపించిన ముగింపుకే ఒక నిమిషం చేర్చి, దాని అర్థం తిరగేశాడు.

తెలుగు పాఠం చెప్పేవాణ్ణి గనుక ధ్వని సిద్ధాంతం గుర్తురాక మానదు. వాచ్యం చెయ్యకుండా వ్యంజింపచెయ్యటం ఉత్తమ కావ్యలక్షణమని మన ఆలంకారికులు అన్నారు. కాని ఇక్కడ ధ్వని ఒక అలంకారం కాదు, బతుకు అవసరం. కార్మికుణ్ణి కథానాయకుడిగా పెట్టి, అతని కూలి గురించీ అతని సమ్మె గురించీ చెప్పే సినేరియో ఆ బల్ల దాటి బయటికి రాదు. పాలకవర్గం తన గురించి తను చూసుకోవటానికి మాత్రం అభ్యంతరం తక్కువ. కాబట్టి బార్దెం కార్మికుణ్ణి చూపించటం మానేసి, కార్మికుడి ముఖాన్ని చూడ నిరాకరించేవాళ్లను చూపించాడు. ఆ ముఖం మనకు కనిపించకపోవటానికి కారణం వాళ్లు కారు దిగి సరిగా చూడకపోవటమే. కెమెరా వాళ్లతోనే నిలబడి, వాళ్ల పిరికితనంలో మనను భాగస్వాములను చేసింది. మా విద్యార్థి లోపమనుకున్నది నిజానికి ఆ చిత్రం చేసిన ఆరోపణ.

కాన్ ఉత్సవంలో అంతర్జాతీయ విమర్శకుల బహుమతి ఆ చిత్రానికి వచ్చింది. అదే 1955 మే నెలలో సలమాంకా విశ్వవిద్యాలయం సినిమా క్లబ్బు, బసీలియో మార్తిన్ పతీనో అనే విద్యార్థి నాయకత్వంలో, స్పానిష్ సినిమా మీద ఒక సదస్సు జరిపింది. కమ్యూనిస్టులు, కాథలిక్కులు, ఫలాంగె పక్షంలో అసంతృప్తులు, అందరూ వచ్చారు. అక్కడ బార్దెం తన దేశపు సినిమా మీద అయిదు ముక్కల్లో తీర్పు చెప్పాడు: రాజకీయంగా నిష్ప్రయోజనం, సామాజికంగా అబద్ధం, మేధాపరంగా అధమం, కళాపరంగా శూన్యం, పరిశ్రమగా రోగిష్ఠి. సదస్సు తీర్మానాలలో ఒకటి సెన్సారుకు స్పష్టమైన నియమాలు ప్రకటించాలన్నది. రద్దు చెయ్యమని అడగలేదేమని ఇవాళ మనం అడగవచ్చు. ఆనాడు నియమం చెప్పమనటమే ధిక్కారం. ఆ నియమాలు రావటానికి ఎనిమిదేళ్లు పట్టింది. బార్దెం మిత్రులతో కలిసి 1953లో స్థాపించిన 'ఒబ్జెతీవో' అనే పత్రికను మాత్రం అదే 1955లో ప్రభుత్వం ఆపించింది.

1956 ఫిబ్రవరిలో, చిత్రంలోని విద్యార్థుల గొడవ మాడ్రిడ్ వీథుల్లో నిజమైంది. విశ్వవిద్యాలయంలో విద్యార్థులకూ ఫలాంగె ముఠాలకూ ఘర్షణలు జరిగాయి. ప్రభుత్వం పౌరహక్కులను సస్పెండు చేసింది, విద్యామంత్రిని తొలగించింది. పలెన్సియాలో 'కాయె మయోర్' అనే చిత్రం తీస్తున్న బార్దెంను పోలీసులు అరెస్టు చేశారు. బయటి దేశాల సినిమావాళ్లు గగ్గోలు పెట్టారు. అతను విడుదలై వచ్చి చిత్రం పూర్తిచేశాడు. 'కాయె మయోర్' అంటే పెద్దవీథి. ఒక చిన్న పట్టణంలో పనీపాటా లేని మగవాళ్లు సరదా కోసం ఒక పందెం కడతారు. ముప్పయ్యైదేళ్లు వచ్చినా పెళ్లికాని ఇసబెల్‌ను ప్రేమిస్తున్నట్టు బ్యాంకు ఉద్యోగి ఒకడు నటించాలి. ఆమె నమ్ముతుంది. ఆ పాత్ర వేసిన బెట్సీ బ్లేర్ హాలీవుడ్‌లో వామపక్ష అభిప్రాయాల కారణంగా నల్లజాబితాకు ఎక్కిన నటి. నిజం తెలిశాక, ఊరు విడిచిపోయే అవకాశం వున్నా పోకుండా, వానలో తడుస్తూ ఆ పెద్దవీథి వెంటే ఇసబెల్ ఇంటికి నడిచిపోతుంది. ఈ కథ ఏ దేశంలోనైనా జరగవచ్చునని మొదట్లో చెప్పించింది సెన్సారు. చూసినవాళ్లెవరికీ అది ఏ దేశమో అనుమానం కలగలేదు. వెనిస్‌లో మళ్లీ విమర్శకుల బహుమతి.

ఇక్కడ ఒక విమర్శ చెప్పక తప్పదు. బార్దెంకు ప్రేక్షకుడి మీద నమ్మకం చాలనప్పుడు ఉపన్యాసం మొదలుపెడతాడు. 'పెద్దవీథి'లో మాడ్రిడ్ నుంచి వచ్చిన స్నేహితుడు ఫెదెరీకో చాలాచోట్ల రచయిత మాటలే వల్లిస్తాడు. ఆ మాటలు తీసేస్తే ఇసబెల్ ముఖమే అంతా చెబుతుంది. ఈ జబ్బు మన అభ్యుదయ కథల్లోనూ వుంది గనుక దీన్ని ఎత్తి చూపే హక్కు మనకు కొంత వున్నదనుకుంటాను.

1958లో బార్దెం నేరుగా శ్రామికుల దగ్గరికి పోయాడు. ఆందలూసియా నుంచి కోతలకు వలసపోయే కూలీల ముఠా కథ. 'కోతగాళ్లు' అని పేరు పెట్టాడు. అది కతలోనియా జాతీయగీతం పేరు కూడా కావటంతో సెన్సారు ఒప్పుకోలేదు. చివరికి 'పగ' అయింది. కూలీల కష్టం ఫ్రాంకో కాలానిది గాదని చెప్పటానికి కథను 1931కి నెట్టించారు. కూలిరేట్ల కోసం నిలబడిన మనుషుల కథ రెండు కుటుంబాల పగగా మిగిలింది. ఆస్కార్ పోటీలో విదేశీభాషా చిత్రాల విభాగానికి ఎంపికైన మొదటి స్పానిష్ చిత్రం ఇదే. కాని 'సైకిలిస్టు'తో పోల్చి చూడండి. శ్రామికుణ్ణి చూపించలేని చిత్రం పదునుగా నిలిచింది, శ్రామికుణ్ణి చూపించబోయిన చిత్రం సెన్సారు చేతిలో మొద్దుబారింది. మా విద్యార్థికి నేను చెప్పవలసిన సగం జవాబు ఇక్కడుంది.

ఈ సమస్య మీద స్పెయిన్‌లోనే 1960లో పెద్ద చర్చ జరిగింది. నాటక రచయిత బువేరో వాయెహో, సాధ్యమైన దాని హద్దును కాస్త కాస్త ముందుకు నెడుతూ, ప్రదర్శనకు నోచుకునేటట్టుగా రాయాలన్నాడు. అల్ఫోన్సో సాస్త్రె ఒప్పుకోలేదు. ఏది అసాధ్యమో ముందే ఎవరికి తెలుసు? సెన్సారు లేదన్నట్టే రాయాలన్నాడు. సాస్త్రె నాటకాన్ని బార్దెం ఆ రోజుల్లోనే చిత్రంగా తీశాడు గాని, ఆచరణలో అతనిది బువేరో మార్గమే. కమ్యూనిస్టు పార్టీ 1956 జూన్‌లో ప్రకటించిన జాతీయ సమన్వయ విధానానికి కూడా అది సరిపోయింది. నన్నడిగితే ఇద్దరి మాటలోనూ నిజముంది. హద్దు ఎక్కడున్నదో నెట్టి చూసినవాడికే తెలుస్తుంది. నెట్టినవాడికి ఒకనాడు దెబ్బ కూడా తగులుతుంది.

ఆ దెబ్బ 1961లో తగిలింది. బార్దెం అధ్యక్షుడుగా వున్న ఉనిన్సి అనే నిర్మాణసంస్థ, ప్రవాసంలో వున్న లూయిస్ బున్యుయెల్‌ను స్పెయిన్‌కు రప్పించి, మరి ఇద్దరు నిర్మాతలతో కలిసి 'విరిదియానా' తీయించింది. కాన్‌లో దానికి అత్యున్నత బహుమతిలో భాగం వచ్చింది. స్పెయిన్ సినిమాశాఖ అధిపతి స్వయంగా వేదికెక్కి అందుకున్నాడు. మర్నాడు వాటికన్ పత్రిక అది దైవదూషణ అని ప్రకటించింది. ఆ అధికారి ఉద్యోగం పోయింది. చిత్రాన్ని స్పెయిన్‌లో నిషేధించారు. 1977 దాకా అక్కడివాళ్లు దాన్ని చూడలేదు. ఉనిన్సి నేలమట్టమైంది. బున్యుయెల్ మళ్లీ విదేశాలకు వెళ్లాడు, మహాదర్శకుడుగా మరిన్ని చిత్రాలు తీశాడు. బార్దెం ఎక్కడికి పోతాడు? అతని భాష, అతని వీథులు, అతని పార్టీ అక్కడే వున్నాయి.

తరువాతి పద్నాలుగేళ్లు చెప్పుకోవటానికి బాధగా వుంటుంది. 1963లో అర్జెంటీనాలో ఒక చిత్రం, స్వదేశంలో 'ఎప్పుడూ ఏమీ జరగదు' అనే మంచి చిత్రం. 1965లో మెలీనా మెర్కూరి, జేమ్స్ మేసన్ వంటి తారలతో సహనిర్మాణం. 1971లో తన 'నటులు' కథనే మార్చి సారా మోన్తియెల్ పాటల చిత్రంగా తీశాడు. 1973లో జూల్స్ వెర్న్ సాహసకథ ఒకటి, భీభత్స చిత్రం ఒకటి. సలమాంకాలో తను చెప్పిన అయిదు విశేషణాలలో కొన్ని తన చిత్రాలకే అతికాయి. కొత్త తరం దర్శకులు అతన్ని పాతకాలపువాడన్నారు. వామపక్ష మిత్రులు కొందరు లొంగిపోయాడన్నారు.

లొంగుబాటు అనే మాట వాడటంలో మనం జాగ్రత్తగా వుండాలి. పొట్టకూటికి చిల్లర చిత్రం తీయటం ఒకటి, పాలకుడి కీర్తి గానం చెయ్యటం మరొకటి. బార్దెం మొదటిది చేశాడు. రెండోది ఒక్కసారీ చెయ్యలేదు, పార్టీ సభ్యత్వం వదులుకోలేదు. ఫ్రాంకోను పొగిడి అతను తీసిన చిత్రం ఎవరూ చూపించలేరు. అలాగని ఆ బలహీనమైన చిత్రాలు గొప్పవని వాదించనక్కర్లేదు. నియంతృత్వం కళాకారుడికి చేసే ద్రోహం జైలు ఒక్కటే కాదు. నలభై, యాభై ఏళ్ల మధ్య, చెయ్యి బాగా తిరిగిన వయస్సులో, అతని చేత అల్పమైన పని చేయించటం కూడా ద్రోహమే. ఆ నష్టం అతని ఖాతాలో రాసి ఊరుకుంటే నేరస్థుణ్ణి వదిలేసినట్టు.

ఫ్రాంకో చనిపోయాడు. 1977లో బార్దెం 'ఎల్ పుయెంతె' తీశాడు. మాటకు అర్థం వంతెన. వరస సెలవులను కూడా స్పెయిన్‌లో అలాగే అంటారు. కథానాయకుడు మాడ్రిడ్‌లో మోటారు మెకానిక్కు. సెలవుల్లో ఆడపిల్లల వెంట తిరగటానికి మోటారు సైకిలెక్కి దక్షిణాన సముద్రతీరానికి బయలుదేరుతాడు. దారిలో కూలీలు, వలసపోయి వచ్చినవాళ్లు, నాటకాలాడే యువకులు, ధనికుల విలాసాలు, అన్నీ చూస్తాడు. తిరిగి వచ్చేసరికి అతని బుర్రలో ఏదో కదిలింది. తోటి పనివాళ్ల పోరాటంలో చేరతాడు. ఆ పాత్రకు బార్దెం ఎన్నుకున్నది అల్ఫ్రెదో లాందాను. ఆ రోజుల్లో బూతు హాస్యచిత్రాలకు పెట్టింది పేరైన నటుడు. చిల్లర సినిమాలో గడిపిన కాలం వృథా పోలేదు. జనం ఏ ముఖం చూసి నవ్వుతున్నారో తెలుసుకుని, అదే ముఖాన్ని ఆలోచించేటట్టు చేశాడు. మాస్కో ఉత్సవంలో ఆ చిత్రం స్వర్ణ బహుమతి పంచుకున్నది.

ఇప్పుడు ఆ రెండు చిత్రాలను పక్కపక్కన పెట్టండి. 1955లో రోడ్డు మీద సైకిలు తొక్కే కార్మికుడు మొదట్లోనే చనిపోయాడు, ముఖం లేకుండా. ఇరవై రెండేళ్ల తర్వాత అదే దేశపు రోడ్డు మీద ఒక కార్మికుడు మోటారు సైకిలెక్కి చిత్రం పొడుగునా ప్రయాణం చేశాడు. అతనికి పేరు వుంది, ముఖం వుంది, తప్పులున్నాయి, మారే శక్తి వుంది. ఆ మొదటివాడికి బార్దెం బాకీ పడ్డాడు. ఇరవై రెండేళ్లు ఆగి తీర్చాడు.

1977 జనవరి 24 రాత్రి మాడ్రిడ్‌లో అతోచా వీథిలోని కార్మిక న్యాయవాదుల కార్యాలయంలోకి ఫాసిస్టు హంతకులు చొరబడి అయిదుగురిని కాల్చిచంపారు. వారి అంతిమయాత్రలో లక్షమందికి పైగా జనం మౌనంగా నడిచారు. ఏప్రిల్ 9న కమ్యూనిస్టు పార్టీ మీద నిషేధం తొలగింది. ఆ నవంబరులో సినిమా సెన్సారు రద్దయింది. ఆ హత్యల మీద బార్దెం 1979లో 'జనవరిలో ఏడు రోజులు' తీశాడు. ఇక దేన్నీ ధ్వనింపచెయ్యనక్కర్లేదు. నిజమైన అంతిమయాత్ర దృశ్యాలే అందులో వున్నాయి. మాస్కోలో మళ్లీ బహుమతి. తర్వాత బల్గేరియాలో దిమిత్రోవ్ మీద ఒక చిత్రం (1982), టెలివిజనుకు లోర్కా జీవితం (1987). 2002లో స్పానిష్ చలనచిత్ర అకాడమీ అతనికి గౌరవ గోయా బహుమతి ఇచ్చింది. ఆ ఏడే అక్టోబరు 30న చనిపోయాడు.

మా విద్యార్థికి ఇప్పుడు ఇలా చెబుతాను. నాయనా, నీ ప్రశ్న మంచిదే. కార్మికుడు ఎక్కడున్నాడని ప్రతి చిత్రాన్నీ, ప్రతి నవలనూ అడుగు. కాని అడిగి ఊరుకోకు. అతను కనిపించకపోతే, అతన్ని తెర మీదికి రానివ్వనివాడు ఎవడో కూడా అడుగు. రచయిత ఆ లోటును దాచాడా, నీ కంటికి ఆనేటట్టు చేశాడా అన్నది చూడు. దాచినవాణ్ణి మన్నించనక్కర్లేదు. బార్దెం దాచలేదు. నువ్వు చిత్రం చూసి లేచి, ఆ చచ్చిపోయినవాడి మొహమేదని అడిగావు. 1955లో మాడ్రిడ్ హాల్లో కూర్చున్న విద్యార్థి కూడా అదే అడగాలని అతను ఆశించాడు. మరుసటి ఫిబ్రవరిలో వాళ్లు వీథిలోకి వచ్చారు. ఒక సినిమాయే వాళ్లను తెచ్చిందని నేననను. వాళ్లు వస్తారని ముందుగా నమ్మినవాళ్లలో ఆ సినిమా తీసినవాడు ఒకడు.